దాచుకోవడం తెలియని జనమా? నల్లమల చెంచుల ఏడాది లెక్క

మీరు దోర్నాల వైపు చెంచుగూడేలకు సంక్షేమ సహాయకులుగా వచ్చి మూడు నెలలైందని రాశారు. "వీళ్లకు రేపటి ధ్యాస ఉండదు, చేతికి వచ్చింది ఆ పూటే ఖర్చు చేస్తారు, దాచుకోవడం తెలియదు" అని తోటి ఉద్యోగులు అంటున్నారని, అది ఎంతవరకు నిజమో, అసలు అడవిలో వీరి పాత బ్రతుకు ఎలా సాగేదో తెలిసినవారు వివరంగా చెప్పాలని అడిగారు. నేను మార్కాపురం ప్రాంతపు గూడేల బడులలో 22 ఏళ్లు ఉపాధ్యాయునిగా పనిచేసి విశ్రాంతి తీసుకున్నవాణ్ని. అందులో తొలి తొమ్మిదేళ్లు గూడెంలోనే కాపురం ఉన్నాను. నేను కళ్లారా చూసినది ఏదో, పెద్దల నోట విన్నది ఏదో ఎక్కడికక్కడ విడదీసి చెబుతాను.

ముందుగా మీ ప్రశ్నకు సూటిగా జవాబు చెబుతాను. చెంచులకు దాచుకోవడం బాగా తెలుసు. వారు దాచుకునే చోటు మన కంటికి ఆనదు, అంతే. మన మెట్ట రైతు జొన్నలను పాతరలో పోసుకునేవాడు, డెల్టా రైతు వడ్లను పురిలో కట్టుకునేవాడు. చెంచుల గాదె మాత్రం మట్టిలోను, చెట్టు తొర్రలోను, కొండచరియ మీదను ఉంటుంది. తవ్వి ఇంటికి తెచ్చిన దుంప నాలుగు రోజులకు వడిలిపోతుంది, మట్టిలో వదిలిన దుంప వచ్చే నెలకు మరికాస్త ఊరుతుంది. అలాంటప్పుడు అవసరానికి మించి తవ్వి తెచ్చుకోవడమే వారి దృష్టిలో తెలివితక్కువ పని.

ఈ సంగతి నాకు ఒక ముసలమ్మ నేర్పింది. నేను గూడేనికి వచ్చిన తొలి మార్గశిర మాసంలో, సెలవు రోజున, ఆమె వెంట గడ్డలు తవ్వడం చూడటానికి వెళ్లాను. వానలు వెనకబట్టి తీగలన్నీ ఎండిపోయే కాలమది. పొదలో చిటికెన వేలంత మందం ఉన్న ఒక ఎండుతీగను ఆమె పట్టుకొని, అది నేలలోకి దిగే చోటు వరకు వేళ్లతో తడుముతూ పోయి, అక్కడ మోకాళ్ల మీద కూర్చొని గునపంతో మట్టి పెకలించసాగింది. గునపం నాలుగు పోట్లు, చేత్తో మట్టి ఎత్తిపోయడం, మళ్లీ నాలుగు పోట్లు, ఇలా అరగంట గడిచేసరికి ఆమె చెయ్యి భుజం దాకా గుంటలోకి దిగింది. చివరికి మణికట్టంత లావు తెల్లని గడ్డ బయటపడింది. కింది భాగమంతా విరిచి బుట్టలో వేసుకొని, తీగ మొదలు ఉన్న పిడికెడు ముక్కను తిరిగి గుంటలో నిలబెట్టి, మట్టి పూడ్చి, పైన ఒక రాయి పెట్టింది. రాయి ఎందుకని అడిగాను. వదులు మట్టి కనబడితే అడవిపంది రాత్రికి తవ్వేస్తుందని చెప్పింది. ఆ పక్కనే అలాంటి తీగలు మరి మూడు ఉన్నాయి, వాటిని ఆమె ముట్టలేదు. "ఒకటి సంకురాత్రికి. ఆ రెండూ మా పిల్ల కాన్పుకు వచ్చినప్పటికి" అన్నది. నెల్లూరు వైపు ఆడబిడ్డ పురిటికి వస్తుందంటే తల్లి నెయ్యి కాచి జాడీలో పోసి పెట్టుకుంటుంది కదా, నాకు ఆ క్షణాన మా అమ్మ గుర్తుకు వచ్చింది.

మీరు కొత్తవారు కనుక ఈ కొండల గురించి నాలుగు మాటలు చెప్పాలి. నల్లమల తూర్పు కనుమలలో ఒక భాగం, కృష్ణకు పెన్నకు నడుమ ఉన్న కొండల వరుస. దీని తూర్పు వాలు ప్రకాశం వైపు దిగుతుంది. పుల్లలచెరువు, యర్రగొండపాలెం, దోర్నాల, అర్ధవీడు, రాచర్ల, గిద్దలూరు ప్రాంతాలన్నీ ఈ వాలును ఆనుకున్నవే. 1970లో ఒంగోలు కేంద్రంగా కొత్త జిల్లా ఏర్పడినప్పుడు మార్కాపురం, గిద్దలూరు ప్రాంతాలు కర్నూలు జిల్లా నుంచి వచ్చి చేరాయి. అందుకే ఇక్కడి చెంచులకు బంధుత్వాలన్నీ కొండకు అవతల ఆత్మకూరు వైపు, శ్రీశైలం వైపు ఉంటాయి గాని ఒంగోలు వైపు ఉండవు. గుండ్లకమ్మ ఈ కొండల్లోనే పుట్టి, నెమలిగుండ్ల రంగనాయకస్వామి గుడి దగ్గర కొండల మధ్య నుంచి బయటపడి కంభం చెరువు నింపుతుంది. త్రిపురాంతకాన్ని శ్రీశైలానికి తూర్పు ద్వారం అంటారు. ఆ దారిన కొండ ఎక్కే యాత్రికులకు అడవిలో దారి చూపి, దొంగల నుంచి, మృగాల నుంచి కాపాడి కొంత రుసుం తీసుకోవడం చెంచుల పాత హక్కుల్లో ఒకటి. శ్రీశైలం మల్లన్నను వారు చెంచు మల్లయ్య అంటారు, తమ ఇంటి అల్లుడిగా చెప్పుకుంటారు. అహోబిలం నరసింహుడు కూడా చెంచులక్ష్మిని పెళ్లాడి వారికి అల్లుడే అయ్యాడు. శివరాత్రికి వారు కొండకు పోవడం భక్తుడు గుడికి పోయినట్లు ఉండదు, అత్తవారు అల్లుడి ఇంటికి పోయినట్లు ఉంటుంది.

ఇప్పుడు ఏడాది సంగతికి వస్తాను, మీకు ఉద్యోగంలో అక్కరకు వచ్చేది ఇదే. కార్తీకం నుంచి మాఘం దాకా గడ్డల కాలం. చెంచుగడ్డ, నూలగడ్డ అంటూ వారు పేరుపేరునా వేరుచేసే అడవి దుంపలు కొన్ని కాల్చుకొని తినేవి, కొన్ని ఉడికించి తినేవి, చేదు ఉన్నవి నీళ్లు మార్చి మార్చి వండితే తప్ప తినరానివి. ఈ తేడా తెలియకుండా తవ్వి తిన్నవారికి గొంతు దురద, వాంతులు తప్పవు. ఉసిరి, కరక్కాయ, కుంకుడు కూడా ఈ చలి కాలంలోనే చేతికి వస్తాయి. చింతపండు దిగాక దానిని బూడిదతో కలిపి ముద్దచేసి తినడం వారి పాత అలవాటు. నేను మొదట వింతగా చూశాను గాని, బూడిద పులుపును విరిచి కడుపులో మంట లేకుండా చేస్తుందని తిన్నాక తెలిసింది.

ఫాల్గుణం చివర ఇప్పపువ్వు మొదలవుతుంది. దీని విషయంలో నేను చేసిన తప్పు మీరు చేయకూడదని కొంచెం విస్తరించి రాస్తున్నాను. ఇప్పపువ్వు రాత్రి తెల్లవారుజాముల్లో రాలుతుంది. పొద్దెక్కేసరికి లేళ్లు, కొండముచ్చులు, ఎలుగుబంట్లు తిన్నంత తిని పోతాయి, మిగిలింది ఎండకు వడిలిపోతుంది. కాబట్టి కోడికూత వేళకు చెట్టు కింద ఉండాలి. చెట్టు చుట్టూ ముందుగానే ఆకులు ఊడ్చి నేలను నున్నగా చేసుకుంటారు. ఇంటిల్లిపాదీ పోతే తప్ప పని కాదు, ఎందుకంటే పెద్దవారు ఏరుతుంటే పిల్లలు అలికిడి చేస్తూ ఎలుగుబంటి దగ్గరికి రాకుండా చూడాలి. ఎలుగుకు ఆ పువ్వంటే ప్రాణం, ఆ మసక వెలుతురులో మనిషికి అది, దానికి మనిషి ఎదురుపడితే ముఖం మీదికే దూకుతుంది. ఏరిన పువ్వును బండల మీద ఎండబోసి, వేయించి దంచి ఉండలు చేసుకుంటారు, కూరలోను అంబలిలోను కలుపుకుంటారు. కొంత సారాకు కూడా పోతుంది, ఆ మాట దాచవలసిన పని లేదు. తర్వాత రెండు నెలలకు కాయ రాలితే గింజ నుంచి నూనె తీస్తారు. పాతకాలంలో వంటకు, దీపానికి, ఒంటికి అదే నూనె.

నా తొలి ఏడాది ఆ నెలలో బడికి వచ్చే 31 మంది పిల్లల్లో నలుగురే మిగిలారు. నేను కొత్త ఉత్సాహంలో రోజూ గైర్హాజరు వేసి, తల్లిదండ్రులకు చదువు మీద శ్రద్ధ లేదని పై కార్యాలయానికి నివేదిక పంపాను. వారు దాన్ని చదివి, పిల్లలు లేని బడి ఎందుకని మూసివేతకు ప్రతిపాదించారు. గూడెం పెద్ద నా దగ్గరికి వచ్చి కోపపడలేదు. "అయ్యా, పువ్వు ఇరవై దినాలు రాలతది, బడి ఏడాదంతా ఉంటది గదా" అన్నాడు. మరుసటి ఏడాది నుంచి ఆ రోజుల్లో బడిని పదకొండు గంటలకు మొదలుపెట్టి సాయంత్రం పొద్దుగూకే దాకా నడిపాను. పిల్లలందరూ వచ్చారు, కొందరు బల్ల మీదే నిద్రపోయేవారు, నిద్రపోనిచ్చేవాణ్ని. బడి ఈరోజుకీ ఉన్నది. మీరు పింఛన్ల ధ్రువీకరణకు, బయోమెట్రిక్ వేలిముద్రలకు ఆ నెలలో ఉదయం ఆరింటికి వెళ్లి ఇళ్లు ఖాళీగా ఉన్నాయని రాసుకోవద్దు.

ఇక తేనె. వారు తేనెను రకాలుగా చెబుతారు. పొదల్లో చిన్న కొమ్మకు పట్టేది జుంటి తేనె, చెట్టు తొర్రలో ఉండేది తొర్ర తేనె, కొండచరియలకు గుంపులుగా వేలాడే పెద్ద పట్టులది కొండ తేనె. మొదటి రెండూ ఇంట్లో పిల్లలకు, బాలింతలకు. కొండ తేనె అమ్మకానికి. కొండ అంచున ఉన్న చెట్టు మొదలుకు తాడు కట్టి, ఆ తాడు మీద ఒక్కడు లోయలోకి దిగుతాడు. నడుముకు బుట్ట, చేతిలో పొగ రాజుతున్న పచ్చి ఆకుల కట్ట, పొడవాటి వెదురు గడ ఉంటాయి. పైన తాడు ముడి దగ్గర కూర్చునేది అతని బావమరిది. తోడబుట్టిన అన్నదమ్ములను అక్కడ కూర్చోబెట్టరు. ఎందుకని ఎవరినైనా అడగండి, ఒకటే సమాధానం వస్తుంది. అన్నదమ్ములకు ఏ నాటి పగైనా ఉండవచ్చు గాని, బావమరిది తన అక్కచెల్లెల తాళి తానే తెంచుకోడు. కిందివాడు తాడును రెండుసార్లు లాగితే పైకి ఎత్తాలి, ఒకసారి లాగితే ఇంకా దించాలి అని నేను చూసిన గూడెంలో లెక్క. ఒకప్పుడు ఆ తాడును అడవి తీగలతో, నారతో వారే పేనేవారు. నా కాలానికే నైలాన్ తాడు వచ్చింది. పెద్దవారు మాత్రం తీగ తాడే నమ్మకమనేవారు, రాతి అంచుకు ఒరుసుకున్నప్పుడు అది తెగేముందు కీచుమని చప్పుడు చేస్తుందట, నైలాన్ చెప్పకుండా తెగుతుందట. పట్టు మొత్తాన్ని కోయరు. తేనె నిండిన పై భాగం కోసి, పిల్ల ఉన్న భాగాన్ని వదిలితే ఈగ ఆ చరియను విడిచిపోదు. ఏ చరియ ఏ ఇంటివారిదో గూడెమంతటికీ తెలుసు. రాతప్రతి ఏదీ లేని ఆ ఆస్తిహక్కును నేను ఉన్నన్నాళ్లలో ఒకరు మీరగా చూడలేదు.

బంకల సంగతి క్లుప్తంగా చెబుతాను. తపసి బంక, తిరుమాను బంక ఎండలు ముదిరిన కొద్దీ బాగా ఊరుతాయి. తపసి చెట్టుకు చిన్న గాటు పెడితే ముత్యాల్లా తెల్లటి బంక కారి గడ్డకడుతుంది, అందులో బెరడు ముక్క కలిసినా, వాన చినుకు పడి రంగు మారినా ధర సగానికి పడిపోతుంది. దళారుల తొందరలో గొడ్డలితో లోతుగా నరికి ఎన్నో చెట్లను చంపిన రోజులు ఉన్నాయి. చెంచులకు అప్పు ఇచ్చి బంక రూపంలో వసూలు చేసుకునే మైదానపు వ్యాపారి అడిగినంత ఇవ్వడానికి అలా నరికారు. దాచుకోవడం చెడిపోయిన చోటు నేను చూసినంతలో ఇదే, అది వారి అలవాటు వల్ల చెడిపోలేదు, అప్పు వల్ల చెడిపోయింది. 1956లో విశాఖపట్నం కేంద్రంగా ఏర్పడిన గిరిజన సహకార సంస్థ కొనుగోళ్లు, డిపోలు ఈ అడవికి కూడా వచ్చాక తూకానికి ఒక లెక్క ఏర్పడింది.

వేసవి ముదిరితే నీటి కరువు. వాగులు ఎండిపోతే ఇసుకలో చెలమ తీసి, ఊరిన నీటిని సొరకాయ బుర్రతో తోడుకుంటారు. ఆ నీరు మురికిగా ఉంటే చిల్లగింజను రాతి మీద అరగదీసి కుండలో కలిపి మూత పెడతారు, కాసేపటికి బురదంతా అడుగున పేరుకుంటుంది. మీరు గూడేనికి వెళ్లినప్పుడు ఏ ముసలామెనైనా అడిగి చేయించుకొని చూడండి, ఇదేమీ కథ కాదు. పాతకాలంలో ఈ రోజుల్లో గూడేనికి గూడెమే కదిలి, నీరు నిలిచే మడుగు దగ్గర, ఇప్పచెట్ల దగ్గర ఆకుల పందిళ్లు వేసుకొని ఉండేదట. తొలకరికి తిరిగి వచ్చేవారట. ఇది నేను విన్నదే, నా కాలానికి అప్పటికే తగ్గిపోయింది.

ఆషాఢ శ్రావణాలు ఆకలి నెలలు. తీగలు కొత్తగా పాకుతుంటాయి కనుక గడ్డ చిక్కదు, పువ్వు అయిపోతుంది, తేనె ఉండదు, వాగులు పొంగి దారులు మూసుకుపోతాయి. వెదురు కొమ్ములు, తుమ్మికూర, చెంచలికూర, ఎండబెట్టి మిగిల్చిన ఇప్పపువ్వు, మైదానపు రైతుల పశువులను కాసినందుకు కూలిగా వచ్చిన జొన్నలు, సజ్జలు ఆ రెండు నెలలకు ఆధారం. దోమలు, చలిజ్వరం కూడా అప్పుడే. నేను పాఠం చెప్పిన పిల్లల్లో ఇద్దరిని ఆ నెలల్లోనే పోగొట్టుకున్నాను, వాగు దాటి ఆసుపత్రికి చేర్చలేక. అడవి బ్రతుకు హాయి అని పాటలు కట్టేవారు శ్రావణంలో ఒక వారం ఇక్కడ ఉండి చూడాలి. ఇటు "పాపం, ఏమీ లేనివారు" అని జాలిపడేవారు మార్గశిరంలో రావాలి. రెండు మాటలూ ఏడాదిలో సగమే చూసి అన్నవి.

వేట గురించి మీరు అడగలేదు, అయినా చెప్పాలి. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టంతో అది నేరమైంది, కాబట్టి నేను చెప్పేదంతా పెద్దల నోట విన్నదే. విల్లంబులతో కణుజునో, అడవిపందినో కొడితే మాంసం గూడెంలోని ప్రతి పొయ్యికీ పోయేదట, వేటకు పోలేని ముసలివారి ఇంటికి, మగదిక్కు లేని ఇంటికి కూడా. ఎవరి బాణం ముందు తగిలిందో వారికి ఒక వాటా అదనం. మాంసం నిలవ ఉండదు కనుక పంచడమే వారు దాచుకునే తీరు. ఈరోజు నేను పెట్టిన ఇల్లు రేపు నాకు పెడుతుంది. బ్యాంకు పాసుపుస్తకంలో కనబడని ఈ జమను మీరు ఇప్పటికీ చూడవచ్చు. ఒక ఇంటికి ఉపాధి కూలి డబ్బు పడితే వారం తిరగకముందే నాలుగు ఇళ్లకు పోతుంది. మీ తోటి ఉద్యోగులు "ఆ పూటే ఖర్చు చేస్తారు" అంటున్నది దీన్నే.

గూడెం ఎంత ఉండాలన్నది కూడా ఈ లెక్కలోనిదే. పాత గూడేలు ఏడెనిమిది ఇళ్లు మొదలు ఇరవై ఇళ్లకు మించేవి కావు. ఒక మనిషి పొద్దున బయలుదేరి గడ్డలు తవ్వుకొని పొద్దుగూకే లోపల తిరిగి రాగలిగిన అడవి ఎన్ని నోళ్లకు సరిపోతుందో అన్ని ఇళ్లే. ఇంటి మధ్యన ఒక గుంజ, చుట్టూ వెదురు దడి, పైన బోదగడ్డి కప్పుతో గుండ్రని గుడిసెలు. ఇద్దరికి పడకపోతే ఒకరు గుడిసె విప్పుకొని అత్తవారి గూడేనికో, మేనమామ గూడేనికో పోయేవారు, తగవు అక్కడితో తీరేది. తర్వాత రోడ్డు పక్కన, బోరు పక్కన పెద్ద కాలనీలు కట్టి పది గూడేలను ఒక్కచోట చేర్చారు. కరెంటు, బడి, వైద్యం అందించడానికి అది సులువైన పనే. కాని నూరిళ్ల వారు ఒకే అడవి చుట్టూ తవ్వుతుంటే రెండేళ్లకు గడ్డ తీగ ఆనవాలు లేకుండా పోయింది. తవ్వడానికి పొద్దంతా నడవవలసి వచ్చేసరికి కూలికి పోవడమే మేలనిపించింది. ఒకచోట కుక్కినందువల్ల తగవులు పెరిగాయి, సారా పెరిగింది. కాలనీలో కట్టిచ్చిన ఇంటి పక్కనే బోదగడ్డి గుడిసె వేసుకొని అందులో పడుకోవడం మీరు చూసే ఉంటారు. దాన్ని మొండితనమని రాయవద్దు, వైశాఖంలో ఒక మధ్యాహ్నం రెండింటిలోను కూర్చొని చూడండి.

పెళ్లిళ్ల విషయంలో వారు మనకంటే సుఖపడినవారని నా అభిప్రాయం. ఒకే ఇంటిపేరు వారు చేసుకోకూడదన్న కట్టుబాటు గట్టిది, ఆపైన పిల్ల, పిల్లవాడు ఇష్టపడితే పెద్దలు ఒప్పుకుంటారు. భర్త పోయిన ఆడమనిషి మారుమనువు చేసుకోవడం తప్పు కాదు, పడనివాడిని వదిలి పుట్టింటికి రావడమూ తప్పు కాదు. తన గునపంతో తన కడుపు తాను నింపుకోగల ఆడమనిషికి ఆ స్వేచ్ఛ ఉండటంలో ఆశ్చర్యం లేదు. ఇప్పుడు కట్నం అనే మాట కాలనీల్లో వినబడుతున్నది, అది నాకు చాలా బాధ కలిగించే మార్పు.

ప్రభుత్వపు కాగితాల్లో వీరి స్థానం ఏమిటో మీకు తెలిసి ఉండాలి. 1975 ప్రాంతంలో చెంచులను ఆదిమ గిరిజన తెగగా గుర్తించారు. ఈనాటి పరిభాషలో అత్యంత బలహీన గిరిజన సమూహం అంటారు. 2011 జనగణనలో ఉమ్మడి రాష్ట్రంలో వీరి సంఖ్య దాదాపు 64 వేలు. శ్రీశైలం ఐటీడీఏ, అంటే సమగ్ర గిరిజనాభివృద్ధి సంస్థ, వీరి కోసమే ఉన్నది. ఇంకొక వైపు, 1978లో ఈ అడవిని అభయారణ్యంగా ప్రకటించి, 1983లో పులుల సంరక్షణ పథకం కిందికి తెచ్చారు. అడవిలో అడుగు వేయడానికి అనుమతి అడగవలసిన రోజులు వచ్చాయి. అయినా పులి అడుగు జాడ చూసి అది ఆడదో మగదో, ఎంతసేపటి క్రితం వెళ్లిందో చెప్పగలిగేది వీరే కనుక అటవీశాఖ ఎందరో చెంచు యువకులను కాపలాదారులుగా పెట్టుకున్నది. ఇది మంచి పని. నా దగ్గర చదివినవారిలో ముగ్గురు ఆ పనిలో ఉన్నారు.

2006 నాటి అటవీ హక్కుల చట్టాన్ని మీరు శ్రద్ధగా చదవండి. అందరూ వ్యక్తిగత పట్టా గురించే మాట్లాడతారు. ఎకరం, రెండెకరాల చెక్కకు పట్టా రావడం మంచిదే గాని, పై లెక్కంతా చదివిన తర్వాత చెంచు బ్రతుకు ఆ చెక్కలో లేదని మీకే అర్థమవుతుంది. ఆ చట్టంలో మూడవ సెక్షన్ మొదటి ఉపసెక్షన్‌లో 'సి' క్లాజు చిన్నతరహా అటవీ ఉత్పత్తుల మీద యాజమాన్య హక్కును, సేకరించి అమ్ముకునే హక్కును చెబుతుంది. 'ఇ' క్లాజు ఆదిమ తెగలకు వారి ఆవాస ప్రాంతం మొత్తం మీద సామూహిక హక్కును చెబుతుంది. ఏ చరియ ఎవరిది, ఏ మడుగు ఏ గూడేనిది, ఏ ఇప్పచెట్లు ఎవరు ఏరుకుంటారు అన్న సంగతులన్నీ ముసలివారు బ్రతికుండగా గ్రామసభలో రాయించి, పటం గీయించి పెట్టగలిగితే ఆ క్లాజు కింద దరఖాస్తుకు అంతకు మించిన ఆధారం ఉండదు. మీ ఉద్యోగంలో మీరు చేయగలిగిన పనుల్లో దీనికి నేను మొదటి స్థానం ఇస్తాను. ఇలాంటి బలహీన గిరిజన సమూహాల కోసం 2023 నవంబరులో మొదలైన పీఎం జన్‌మన్ పథకం కింద ఇళ్లు, రోడ్లు వస్తున్నాయి. ఇంటి స్థలం ఎంచేటప్పుడు వారిని అడిగి, పాత గూడెం దగ్గరే కట్టించగలిగితే పైన చెప్పిన కాలనీల తప్పు మళ్లీ జరగదు.

రేషన్ బియ్యం వల్లనే వీరు సోమరులయ్యారని మీతో ఎవరైనా అంటే దయచేసి తల ఊపవద్దు. అంత్యోదయ కార్డు మీద వచ్చే 35 కిలోలు శ్రావణంలో ఎంత విలువైనవో నేను చూశాను. ఆ బియ్యం రాకముందు ఆ నెలల్లో పిల్లల చేతులు పుల్లల్లా ఉండేవి. అయితే ఏడాది పొడవునా తెల్ల అన్నం తప్ప ఇంకేమీ తినని పిల్లలకు రక్తహీనత వస్తున్నది. గడ్డ, ఆకుకూర, ఉసిరి, సారపప్పు, తేనె పోయి అన్నం, పచ్చిమిరప కారం మిగిలాయి. అంగన్‌వాడీలో వారానికి ఒక పూట గడ్డలు ఉడికించి పెట్టించండి. తవ్వి తెచ్చిన అవ్వకు కూలి ఇప్పించండి. బడిలో నేను ఒకసారి ఆ పని చేశాను. ఒక అవ్వను కుర్చీలో కూర్చోబెట్టి ఆమె చెప్పిన తీగల, చెట్ల పేర్లను పిల్లల చేత నల్లబల్ల మీద రాయించాను. బల్ల నిండిపోయి గోడ మీద సుద్దతో రాయవలసి వచ్చింది. ఐదో తరగతి పిల్లలకు వాటిలో సగం తెలుసు, ఒకటో తరగతి వారికి నాలుగో ఐదో తెలుసు. వయసులో చిన్నవారు కదా, పెరిగాక తెలుస్తుందిలే అనుకున్నాను. ఆ ఒకటో తరగతి వారు ఇప్పుడు తల్లిదండ్రులయ్యారు, మొన్న వెళ్లినప్పుడు అడిగితే ఆ నాలుగైదు పేర్లే చెప్పారు.

చివరగా మీరు అడిగిన చిన్న ప్రశ్న, లోపలి గూడేలకు మొదటిసారి ఎప్పుడు, ఎలా వెళ్లాలని. పాలుట్ల వంటి లోపలి గూడేలకు వర్షాకాలంలో మట్టిదారి నమ్మదగినది కాదు, కార్తీకం దాటాక వెళ్లండి, అటవీశాఖ చెక్‌పోస్టులో ముందే అనుమతి తీసుకోండి. దోర్నాల నుంచి శ్రీశైలం ఘాట్ రోడ్డును రాత్రి తొమ్మిది నుంచి ఉదయం ఆరు దాకా మూసేస్తారు కనుక ఆ మార్గంలోని గూడేల నుంచి పొద్దుండగానే దిగిరండి. నేరుగా ఇళ్లలోకి వెళ్లి ఆధార్ కార్డులు అడగకుండా, ముందు గూడెం పెద్దమనిషి ఇంటి ముందు కూర్చోండి. పొయ్యిలో కాల్చిన గడ్డ ఒకటి మీ చేతిలో పెడతారు, పై తొక్క నల్లగా మాడి ఉంటుంది. చేతులకు మసి అంటుతుందని చూడకుండా తొక్క వలిచి, లోపలి తెల్లని భాగం కాస్త ఉప్పు అద్దుకొని తినండి. అది ఎవరు తవ్వారో, తీగ మొదలు మళ్లీ పాతారా అని అడగండి. అక్కడి నుంచి వారే మాట్లాడతారు.